పాప గుప్పిట

గుమ్మం దూలం నుదుటికి ఠప్పున తగిలింది.

"మీకూ తగిలిందా?" లోపల్నుంచి నవ్వు వినిపించింది. "నాకు పన్నెండున్నరకి తగిలింది. అంటే ఈ కేసులో నేను మీకన్నా నలభై నిమిషాలు ముందున్నానన్నమాట, టీచరమ్మగారూ."

ఆమె నుదురు రుద్దుకుంటూ తలెత్తింది. పదకొండేళ్ళు బడిలో లెక్కలు చెప్పి, ఆ తర్వాత ప్రైవేటు డిటెక్టివ్ అయిన ఆమెని పోలీసులూ లాయర్లూ, ఒకరిద్దరు దొంగలు కూడా టీచరమ్మ అనే పిలుస్తారు. నవ్విన మనిషి బీమా కంపెనీ తరఫు డిటెక్టివ్. గంటలూ నిమిషాలూ లేకుండా నోరు విప్పడు కాబట్టి అతనికి గడియారం అని పేరు పడింది. అతని నుదుటి మీద కూడా ఎర్రటి బొప్పి ఉంది.

"కొత్తవాళ్ళందరికీ తగులుతుందండీ," అంది స్టూడియో యజమానురాలు, తడి గుడ్డ అందిస్తూ. "మా నాన్న పొట్టి. తన ఎత్తు చూసుకుని కట్టించేశారు. నాలుగు రోజులు తిరిగితే ఒళ్ళే నేర్చుకుంటుంది. ఒకసారి నేర్చుకుంటే ఇక మర్చిపోదు."

ఆమెకి ముప్పై ఆరేళ్ళు. పాపిట్లో రెండు మూడు తెల్ల వెంట్రుకలు. అయినా ఆ స్టూడియోలో ఆమె పేరు ఇప్పటికీ పాపే.

"నాకెంత టైం ఉంది?" అని అడిగింది టీచరమ్మ.

"ఇప్పుడు ఒంటిగంటా పది. ఐదింటికి కంప్లయింటు పోలీస్ స్టేషన్లో ఇస్తాను. ఐదుంపావుకి జీపు వస్తుంది. ఆలోపల ముసలాయన సామాను సర్దుకోవచ్చు."

"ఆయనకి సామానేం లేదు," అంది గోడ పక్కన నిలబడ్డ అమ్మాయి. "ఆరు కుంచెలూ ఒక దుప్పటీ. సర్దడానికి మీ నిమిషాలు ఖర్చు కావు."

ఆ అమ్మాయే పొద్దున టీచరమ్మకి ఫోన్ చేసింది. కళ్ళద్దాల షాపులో పని. షాపు కోటు విప్పకుండానే వచ్చేసింది. ముసలాయన ఆమెకి తాత. ఆ స్టూడియోలో నలభై ఏళ్ళు పరదాలు గీసిన మనిషి. ఇప్పుడు అక్కడే వెనక గదిలో ఉంటాడు.

టీచరమ్మ నోటు పుస్తకం తెరిచింది. "మొదటి నుంచి చెప్పండి. నాకేమీ తెలియదనుకోండి."

"అనుకోవడం దేనికి," అని గడియారం కుర్చీ లాక్కున్నాడు. "వినండి. ఈ పాపగారి తండ్రి, అందరూ మాస్టారు అనేవారు, పాత చిత్రాలకి ప్రాణం పోస్తూ మూడు మూడు నిమిషాల సినిమాలు తీసేవాడు. వెనక పరదా, ముందు మనుషులు, అచ్చం బొమ్మలో ఉన్నట్టే నిలబెడతాడు. కాసేపు బొమ్మే అనుకుంటాం. ఇంతలో ఒకరు ఊపిరి పీలుస్తారు. కదులుతారు. ముప్పై ఏళ్ళ కిందట 'వాన వెలిశాక' అనే చిత్రాన్ని సినిమా తీయడానికి చిత్రశాల నుంచి ఇక్కడికి తెచ్చారు. సోమవారం పొద్దున తొమ్మిదీ ఇరవైకి వచ్చింది, గురువారం సాయంత్రం నాలుగింటికి వెళ్ళింది. పోయిన నెల చిత్రశాలలో కొత్త కమిటీ వచ్చి బొమ్మలన్నీ శుభ్రం చేయించింది. నూరేళ్ళు దాటాల్సిన బొమ్మ మీద రంగుకి నలభై ఏళ్ళు కూడా లేవు. అంటే నకిలీ. అసలు బొమ్మ చిత్రశాల గడప దాటింది ఒక్కసారే, ఆ నాలుగు రోజులే. ఇక్కడ కుంచె పట్టగలిగినవాడు ఒక్కడే. నాలుగు రోజుల్లో నకలు వేశాడు, మార్చేశాడు. పైగా ఒప్పుకున్నాడు కూడా."

"ఏమని?"

"'నేనే వేశానేమో బాబూ' అని. ఒంటిగంటకి ఐదు నిమిషాల ముందు."

టీచరమ్మ అతని చేతిలోని కాగితం వైపు చూసింది.

"ఆ చేతిలోదేమిటి?"

"స్వాధీనం చేసుకోవాల్సిన వస్తువుల జాబితా. చిత్రశాల అధిపతి స్వయంగా రాసిచ్చాడు. గీత అద్దాలు అన్నీ, రీళ్ళు, షూటింగు డైరీలు, రంగుల డబ్బాలు..."

పాప తల తిప్పింది. "గీత అద్దాలా? ఆ మాట ఆయనకెలా తెలుసు? అది మా ఇంటి మాట. నాన్న పెట్టిన పేరు. బయటివాళ్ళెవరూ అనగా నేను వినలేదు."

"నాకేం తెలుసు, కాగితంలో ఉంది," అన్నాడు గడియారం. "వాటి కోసం ముప్పావుగంట నుంచి వెతుకుతున్నాను. అసలు అవేమిటో చెప్పేవాళ్ళు కూడా లేరు."

టీచరమ్మ ఆ రెండు ముక్కలూ పుస్తకంలో రాసి కింద గీత గీసింది.

"అధిపతి ఈ స్టూడియోకి ఎప్పుడైనా వచ్చాడా?"

"లేదు. మా కంపెనీకి ఉత్తరంలోనే రాశాడు. బొమ్మకి తోడుగా వచ్చింది ఎవరో గుమాస్తా, అతను చనిపోయాడు, ఈ స్టూడియో మొహం కూడా తనకి తెలియదని."

*

వెనక గదిలో పరదాల తాత మంచం అంచున కూర్చుని ఉన్నాడు. పొడుగైన మనిషి. వంగి వంగి నడిచిన అలవాటుకి వీపు అలాగే ఉండిపోయింది. గదికి పడమటి వైపు పెద్ద కిటికీ, దానికి పన్నెండు అద్దాలు. కింది వరసలో రెండింటికి అట్టముక్క అంటించి ఉంది.

"టీ తాగుతావా అమ్మా?" అన్నాడాయన.

"తాగుతాను. ముందు ఒక ప్రశ్న. ఆ బొమ్మకి నకలు మీరు వేశారా?"

ఆయన అరచేతులు చూసుకున్నాడు. గోళ్ళ మొదట్లో రంగు ఇంకా ఉంది. "వేసినట్టు గుర్తు లేదమ్మా. వెయ్యలేదని గట్టిగా అనడానికీ నోరు రావడం లేదు."

"తాతయ్యా!" అంది మనవరాలు. "వెయ్యలేదు అని ఒక్క మాట అనలేవా? ఆయన రాసుకుంటున్నాడు చూడు!"

"రాసుకుంటాను మరి," అన్నాడు గడియారం గుమ్మంలోంచి. "ఒకటీ ఇరవై ఎనిమిది."

"మీరు బయట ఉండండి," అంది టీచరమ్మ.

"ఏం, క్లాసులోంచి పంపించేస్తున్నారా?"

"బల్ల ఎక్కమనలేదు, సంతోషించండి."

అతను వెళ్ళాక ఆమె మంచం పక్కన స్టూలు మీద కూర్చుంది. తొందరపెట్టలేదు. బడిలో ఆమె నేర్చుకున్నది అదే. జవాబు తెలియని పిల్లాడూ జవాబు చెప్పడానికి భయపడే పిల్లాడూ ఒకేలా తల దించుకుంటారు. కాసేపు ఊరుకుంటే ఎవరు ఎవరో తెలుస్తుంది.

ఆయన భయపడుతున్నాడు. జైలుకి కాదు.

"సాయంత్రాలు ఈయన నేల చూస్తూ కూర్చుంటారండీ," మనవరాలు గొంతు తగ్గించి చెప్పింది. "గంట, గంటన్నర. పిలిస్తే పలకరు. మా నానమ్మ కూడా చివర్లో అలాగే... అందుకే నాకు భయం. ఈయన ఏది అడిగితే అది ఒప్పేసుకుంటారేమోనని."

*

"ముందు సినిమా చూద్దాం," అంది టీచరమ్మ.

ప్రొజెక్టరు గది ఇరుకు. నాలుగు కుర్చీలు, ఒక తెల్ల గోడ. పాప రీలు ఎక్కించి, దీపం ఆర్పి, మీట నొక్కింది. ప్రొజెక్టరు టకటకమంది.

ఆ చప్పుడు వినగానే టీచరమ్మకి తొమ్మిదేళ్ళు.

నాలుగో తరగతి గది. కిటికీలకి గోనె సంచులు కట్టారు. ముందు వరసలో నేల మీద కూర్చుంటే పొడిసున్నం అరచేతులకి అంటుకునేది. బళ్ళకి తిరిగే సినిమా వ్యాను వచ్చిందంటే ఆ రోజు ఎక్కాలు లేవు. గోడ మీద బొమ్మ పడేది. టీచరు బొమ్మ పేరు చదివేది. పిల్లలందరూ ఊపిరి బిగబట్టేవాళ్ళు, ముందు ఎవరు కదులుతారా అని. "అమ్మ కళ్ళార్పింది!" అని వెనకనుంచి ఎవరో అరిచేవాళ్ళు. ఎవరు ముందు కనిపెడితే ఆ రోజుకి వాళ్ళే గొప్ప. ఆమె మాటకారి కాదు, ముందుగా అరిచిందీ లేదు. కానీ చూసేది. అందరూ కదిలే వాటిని చూస్తుంటే, ఆమె కదలని వాటిని చూసేది.

గోడ మీద ఇప్పుడు అదే బొమ్మ. వాన వెలిసింది. చూరు కింద గిన్నె. మెట్టు మీద తల్లి కూర్చుని ఉంది, ఒక మెట్టు కింద కూతురు. తల్లి చేతిలో దువ్వెన, పాప జుట్టులో సగం దూరి ఆగింది. చాలాసేపు ఏమీ కదలలేదు. తర్వాత దువ్వెన కిందికి దిగింది. పాప తల అటు వాలి, మళ్ళీ ఇటు వచ్చింది. బొమ్మలోంచి బయటికి చూసి నవ్వింది.

"ఆ తల్లి మా అమ్మే," చీకట్లో పాప గొంతు మెల్లగా వినిపించింది. "ఆ మరుసటి ఏడాదే పోయింది. అమ్మ నాకు జడ వేసినట్టు నాకు గుర్తున్నది ఈ మూడు నిమిషాలే. మిగతాదంతా ఎవరో చెబితే విన్నది."

గడియారం కూడా చేతి గడియారం చూసుకోలేదు.

రీలు అయిపోయి తోక టపటపా కొట్టుకుంది. టీచరమ్మ అడిగింది, "గుప్పిట్లో ఏముంది?"

"ఏమిటీ?"

"మీ ఎడమ చెయ్యి మోకాలి మీద ఉంది. గుప్పిట మూసి ఉంది. నవ్వినా తెరవలేదు, తల ఊగినా తెరవలేదు. నాలుగో తరగతిలో మా టీచర్ని అడిగాను. బొమ్మ కదే, అందులో ఏముంటుంది అంది. ఇరవై తొమ్మిదేళ్ళుగా నాకా జవాబు నచ్చలేదు."

పాప దీపం వేసింది. ముఖం నిండా నవ్వు. "గోళీ! ఆకుపచ్చ గోళీ. నేను కుదురుగా కూర్చోనని పరదాల మావయ్య ఇచ్చాడు. 'ఇది పడేశావంటే నీదే తప్పు, పడెయ్యకుండా ఉంటే నీదే గోళీ' అన్నాడు. అంతే, బిగుసుకుపోయాను."

"ఏ రోజు?"

"అబ్బ, ఆరేళ్ళ పిల్లని. రోజెలా గుర్తుంటుంది?"

"డైరీకి గుర్తుంటుంది. తెండి."

అట్ట ఊడిన డైరీ వచ్చింది. మాస్టారి చేతిరాత చీమల బారులా ఉంది. టీచరమ్మ పైకి చదివింది.

"సోమవారం. తొమ్మిదీ ఇరవై, బొమ్మ వచ్చింది. పదకొండు నుంచి ఐదు దాకా గీత అద్దం. మంగళవారం, పరదాకి రంగులు. బుధవారం, షూటింగు. ఒకటో టేకు, పాప కదిలింది. రెండో టేకు, పాప కదిలింది..."

"ఎన్నిసార్లు రాశాడు?" అన్నాడు గడియారం.

"పదిహేడు. పదిహేడోది రాసేటప్పుడు కలం కాగితాన్ని చింపింది. గురువారం పదకొండూ నలభై. పద్దెనిమిదో టేకు. 'గోళీ పనిచేసింది. వేళ్ళు తేడా వచ్చాయి. పోనీ. పసిపిల్ల.' ఓకే. సాయంత్రం నాలుగు, బొమ్మ వెళ్ళింది."

ఆమె డైరీ మూసి గడియారం వైపు చెయ్యి చాపింది. "చిత్రశాలలో ఉన్న బొమ్మ ఫోటో ఇవ్వండి."

అతను సంచిలోంచి పెద్ద ఫోటో తీశాడు. తల్లి, దువ్వెన, గిన్నె. మోకాలి మీద పాప ఎడమ చెయ్యి. గుప్పిట మూసి ఉంది.

"ఇప్పుడు మీరు చెప్పండి," అంది టీచరమ్మ. "నూరేళ్ళ కిందటి చిత్రకారుడు గోళీ ఇచ్చాడా?"

*

గడియారం ఓడిపోవడానికి అంత తొందరగా ఒప్పుకునే రకం కాదు.

"ఆగండాగండి. బొమ్మలో గుప్పిట ఉంది కాబట్టే సినిమాలో గుప్పిట. పాప చెయ్యి సరిగ్గా మూసుకోవాలని గోళీ ఇచ్చుంటారు. అసలు బొమ్మలో చెయ్యి ఎలా ఉందో చూసినవాళ్ళెవరు? పాత కేటలాగులో ఉన్నది నల్లటి ఫోటో, అగ్గిపెట్టంత. చెయ్యి ఒక మచ్చ."

"డైరీలో 'వేళ్ళు తేడా వచ్చాయి' అని ఉంది."

"ఏ వేళ్ళు? ఎవరి వేళ్ళు? అది కోర్టులో నిలవదు. రెండూ పన్నెండు."

ఈసారి అతని మాటలో న్యాయం ఉంది. టీచరమ్మ దాన్ని మనసులోనే ఒప్పుకుని, పైకి ఏమీ అనకుండా వెనక గదికి నడిచింది. అందరూ వెంట వచ్చారు.

"తాతగారూ, పాపకి గోళీ ఇచ్చింది గుర్తుందా?"

ముసలాయన తలెత్తాడు. కళ్ళల్లోకి ఏదో వచ్చింది. "ఎందుకు గుర్తులేదు? ఆకుపచ్చది. లోపల పసుపు చార. పాప దాన్ని రెండు రోజులు నోట్లో పెట్టుకుని తిరిగింది. మింగేస్తుందేమోనని వాళ్ళమ్మ నన్ను తిట్టిపోసింది."

"మరి ఏది గుర్తులేదంటున్నారు?"

ఆయన తల దించుకున్నాడు. టీచరమ్మ తొందరపెట్టలేదు. గడియారం నోరు తెరవబోతే వేలు చూపించి ఆపింది.

"పన్నెండేళ్ళ కిందట మా ఆవిడని చిత్రశాలకి తీసుకెళ్ళానమ్మా," అన్నాడు చివరికి. "అప్పటికే దానికి పేర్లు తప్పుతున్నాయి. పాత బొమ్మలు చూస్తే ఏమైనా గుర్తొస్తాయేమోనని. ఆ బొమ్మ ముందు నిలబడ్డాను. పాప గుప్పిట మూసి ఉంది. నాకు ఒళ్ళు చల్లబడిపోయింది. ఆ బొమ్మలో పాప చెయ్యి చాచి కూర్చుంటుంది, చూరు నీళ్ళకి. నేను నా చేత్తో గీశాను ఆ అయిదు వేళ్ళూ. మరి నా గోళీ అందులోకి ఎలా వెళ్ళింది?"

"తాతయ్యా, ఇది నాకెప్పుడూ చెప్పలేదే!"

"ఏం చెప్పమంటావే? మీ నానమ్మ తర్వాత ఇక నా వంతు అనా? మతి పోయేవాడికి పోతోందని తెలియదట కదా. ఈ బాబు వచ్చి నకిలీ అన్నాడు. సరే, నా గోళీ అందులో ఉందంటే నేనే వేసి ఉంటాను, వేసి మర్చిపోయి ఉంటాను అనుకున్నాను. ఇంకెవరు వేస్తారు?"

మనవరాలు మంచం మీద కూర్చుండిపోయి ఆయన మోచెయ్యి పట్టుకుంది.

టీచరమ్మ మెల్లగా అడిగింది, "అయిదు వేళ్ళూ గీశానన్నారు. దేని మీద?"

"గీత అద్దం మీద."

"అదేమిటో నాకు చెప్పండి. నాకేమీ తెలియదనుకోండి."

పని గురించి అడగగానే ముసలాయన గొంతు మారిపోయింది. "కెమెరా ముందు అద్దం బిగిస్తాం. అవతల అసలు బొమ్మ పెడతాం. మాస్టారు కెమెరాలోంచి ఒంటికన్నుతో చూస్తూ చెప్తాడు, నేను తెల్ల ఎనామిల్‌తో అద్దం మీద గీస్తాను. ముక్కు కొసా, మోకాలూ, దువ్వెన పళ్ళూ, ఏదీ వదలం. తర్వాత బొమ్మ తీసేస్తాం. మనుషులొచ్చి నిలబడతారు. 'గడ్డం పైకి, భుజం కిందికి' అంటూ మనిషి గీతలో ఇమిడేదాకా జరుపుతాం. ఇమిడాక అద్దం తీసి షూటింగు. అందుకే మా సినిమాలు బొమ్మ పక్కన పెడితే తేడా తెలిసేది కాదు. పేపర్లో కూడా రాశారు."

"ఆ అద్దాలు ఏమయ్యాయి?"

"మాస్టారు పారెయ్యనిచ్చేవాడు కాదు. పెద్ద గాలివానకి ఒక ఏడాది ఈ కిటికీ అద్దాలన్నీ పగిలాయి. కొత్తవి కొనడం దేనికి అని..." ఆయన కిటికీ వైపు చెయ్యి చూపించాడు. "అవే ఇవి."

పన్నెండున్నర నుంచి ఆ స్టూడియో అంతా తిరగేసిన గడియారం కిటికీ వైపు తెల్లబోయి చూశాడు. జేబులోంచి ఫోను తీసి బయటికి వెళ్ళాడు. అతని గొంతు గోడ అవతలనుంచి వినిపించింది. "దొరికాయండీ. వెనక గది కిటికీకి బిగించారు. అవునండీ, అన్నీ... మీరే వస్తున్నారా? సరేనండీ."

టీచరమ్మ అద్దాల దగ్గరగా వెళ్ళింది. దుమ్ము పట్టిన గాజు మీద వెంట్రుకల్లాంటి తెల్ల గీతలు. ఎదురు వెలుగులో ఏదీ పోల్చుకునేలా లేదు.

"ఇలా కాదమ్మా," అన్నాడు పరదాల తాత. "ఇటు రా. నేల చూడు. ఎండ దిగనీ."

మూడూ ఇరవై అయ్యేదాకా ఎదురుచూశారు. పడమటి ఎండ కిటికీలోంచి లోపలికి దిగింది. సిమెంటు నేల మీద చతురస్రాలు పడ్డాయి, వాటిలో సన్నటి నీడ గీతలు. ముందు అర్థం కాలేదు. తర్వాత ఒక పడవ అంచు కనిపించింది. దాని పక్కన మేకని పట్టుకున్న చెయ్యి. ఆ పక్కన తలుపు సందులోంచి చూస్తున్న ముసలమ్మ. టీచరమ్మకి వాళ్ళందరూ తెలుసు. గోనె సంచులు కట్టిన గదిలో, సున్నపు గోడ మీద, ఒక్కొక్కరూ కదిలిన క్షణం ఆమెకి గుర్తుంది.

"ఇదా తాతయ్యా రోజూ నువ్వు చూసేది?" మనవరాలు నేల మీదికి వంగింది.

"వాళ్ళు వస్తారు, పోతారు. పిలిస్తే పలకలేదంటావు. మధ్యలో ఎలా పలకనే?"

"కానీ మనకి కావాల్సిన అద్దం లేదు," అన్నాడు వెనక్కి వచ్చిన గడియారం, నేల మీది నీడలు లెక్కపెడుతూ. "పది ఉన్నాయి. అందులో తల్లీకూతుళ్ళు లేరు."

"పన్నెండు అద్దాలు," అంది టీచరమ్మ. "రెండింటికి అట్ట ఉంది. ఎవరు అంటించారు?"

మనవరాలు నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. "నా వల్లే! చిన్నప్పుడు నేను ఆ కిటికీ కింద పడుకునేదాన్ని. మధ్యాహ్నం కళ్ళల్లో ఎండ పడుతోందని ఏడిస్తే నానమ్మ పిండి ఉడికించి అంటించింది. ఇరవై ఏళ్ళయింది."

టీచరమ్మ తడి గుడ్డ తీసుకుంది. అట్ట తేలిగ్గా ఊడలేదు. తడిపి, ఆగి, గోటితో అంచు లేపి, మళ్ళీ తడిపి. గడియారం రెండుసార్లు సాయం వస్తానన్నాడు. రెండుసార్లూ వద్దంది. మొదటి అద్దం మీద ఎవరో వీణ పట్టుకున్నారు. మూడూ నలభై అయిదుకి రెండో అట్ట ఊడింది.

నేల మీద ఒక మెట్టు నీడ పడింది. చూరు కింద గిన్నె. జుట్టులో సగం దూరిన దువ్వెన, బయటున్న పళ్ళు కూడా లెక్కపెట్టొచ్చు. మోకాలు. మోకాలి మీద వెల్లకిలా చాచిన అరచెయ్యి. అయిదు వేళ్ళు. బొటనవేలు పక్కన గుండ్రటి చిన్న చుక్క, పడబోతున్న నీటిబొట్టు.

అద్దం మూలలో మాస్టారి చీమల రాత ఉంది. బొమ్మ పేరు, సోమవారం, తేదీ.

ముప్పై ఏళ్ళుగా చిత్రశాలలో జనం ఆ పాపని అలిగిన పాప అనుకున్నారు. ఆ పాప అలగలేదు. నీటిబొట్టు కోసం చెయ్యి చాచింది.

పరదాల తాత మంచం దిగి, నేల మీద కూర్చుని, ఆ నీడ వేళ్ళ మీద తన వేళ్ళు పెట్టాడు. "చూశావటే," అన్నాడు మనవరాలితో. "నాకు మతి పోలేదు."

*

"లెక్క చెప్తాను, రాసుకోండి," అంది టీచరమ్మ. ఇప్పుడు ఆమె గొంతు క్లాసులో వినిపించే గొంతు. "సోమవారం అసలు బొమ్మలో చెయ్యి తెరిచి ఉంది, అద్దమే సాక్షి. గుప్పిట ఈ లోకంలో పుట్టింది గురువారం పదకొండూ నలభైకి. బొమ్మ ఇక్కడ నుంచి వెళ్ళింది అదే రోజు నాలుగింటికి. మధ్యలో ఎంత?"

"నాలుగు గంటల ఇరవై నిమిషాలు," అన్నాడు గడియారం. అలవాటు కొద్దీ నోట్లోంచి వచ్చేసింది.

"ఆయిల్ పెయింటు ఆరడానికి ఎన్నాళ్ళు పడుతుంది తాతగారూ?"

"పైపైన ఆరడానికే వారం."

"అంటే గుప్పిట ఉన్న నకలు ఇక్కడ మారడానికి వీల్లేదు. చిత్రశాలకి తిరిగి వెళ్ళింది అసలు బొమ్మే. పైగా అసలు బొమ్మ ఎదురుగా ఉన్నవాడు, దాని వేళ్ళు తన చేత్తో గీసినవాడు, గుప్పిట ఎందుకు వేస్తాడు? ఈ నకలు వేసినవాడు అసలు బొమ్మ ముందు కూర్చోలేనివాడు. అది చిత్రశాల హాల్లో అందరి కళ్ళ ముందూ వేలాడుతోంది కదా. వాడికి దొరికింది సినిమాలోంచి తీసిన ఫోటో. తేడా తెలియదని పేపర్లో చదివి నమ్మాడు." ఆమె డైరీలో మరో పేజీ తిప్పింది. "ఆ పై శుక్రవారం. 'ల్యాబులో కడిగిన రీలు వచ్చింది. చిత్రశాల ఆఫీసరు వచ్చి, గుర్తుగా ఉంటుందని రీల్లోంచి పెద్ద రంగు ఫోటో అడిగి పట్టుకెళ్ళాడు. నాలుగు రోజులూ బొమ్మకి కాపలా ఉన్న అబ్బాయే.' పేరు లేదు."

"ఆ ఎండాకాలం చిత్రశాల రెండు నెలలు మూసి గోడలకి సున్నాలు వేశారు," అంది పాప. "నాన్న అనేవారు, ఈ ఏడు చిత్రశాలకి పోవడానికి లేదని."

"బొమ్మ మార్చడానికి అదే అదను," అంది టీచరమ్మ.

గడియారం కుర్చీలో కూలబడ్డాడు. "గుమాస్తా చనిపోయాడు కదా."

"గుమాస్తాని ఆఫీసరు అని మాస్టారు రాయడు. తాతగారూ, ఆ అబ్బాయి ఎలా ఉండేవాడు?"

"సన్నగా. మీసం కూడా సరిగ్గా రాలేదు. మొహం ఇప్పుడు చూస్తే పోల్చలేనమ్మా, అబద్ధం ఎందుకు."

"గడియారం గారూ, ఇంకొక్క ప్రశ్న. స్టూడియో మొహం తెలియని మనిషి, జాబితాలో అన్నిటికన్నా ముందు ఈ ఇంటి మాట ఎందుకు రాశాడు? రీళ్ళకన్నా ముందు, డైరీలకన్నా ముందు. దొంగని పట్టుకోవడానికి అద్దాలెందుకు?"

అతను జాబితా తీసి మళ్ళీ చూశాడు. మొదటి మాట మీద బొటనవేలు ఆగిపోయింది. "నేను ఫోన్ చేసి చెప్పేశాను," అన్నాడు మెల్లగా. "కిటికీకి ఉన్నాయని. ఆయన బయల్దేరాడు."

బయట కారు తలుపు పడిన చప్పుడైంది.

"అద్దాన్ని తియ్యనా?" అంది మనవరాలు.

"వద్దు," అంది టీచరమ్మ. "ఎవరూ ఏమీ అనకండి. ఎవరూ లేవకండి. గుమ్మం చూడండి. అంతే."

వెనక గదిలోంచి చూస్తే షూటింగు హాలు దాటి ముందు గుమ్మం దాకా కనిపిస్తుంది. వాకిట్లోంచి అడుగులు వినిపించాయి. పొడుగ్గా, దిట్టంగా, మంచి బట్టల్లో చిత్రశాల అధిపతి వచ్చాడు. చేతిలో ఫోను, చూపు ఫోనులో, నోట్లో మాట. "ఆ, వచ్చేశాను, మళ్ళీ చేస్తాను. ఎక్కడండీ, ఎవరున్నారు లోపల? ఇలాంటి కొంపలో సినిమాలు తీశారంటే నమ్మలేం. జన్మలో మొదటిసారి చూడ్డం..."

మాట ఆపకుండా, ఫోను మీంచి చూపు ఎత్తకుండా, గుమ్మం దగ్గర తల వంచాడు. దూలం కింద నుంచి ఇవతలికి వచ్చి, తల ఎత్తి, నడక సాగించాడు.

గడియారం చెయ్యి దానంతటదే తన నుదుటి బొప్పి మీదికి వెళ్ళింది. ఐదింటికి ఇవ్వాల్సిన కంప్లయింటుని నాలుగుగా మడిచి జేబులో పెట్టుకుని, లేచి, కిటికీకీ వస్తున్న మనిషికీ మధ్య నిలబడ్డాడు.

"నాలుగూ ఆరు," అన్నాడు, టీచరమ్మకి మాత్రమే వినపడేలా.